ఓడి వచ్చిన అమ్మాయి

(మహిళల కార్యక్రమంలో చేసిన ప్రసంగ పాఠం)



మధ్యాహ్నం వంట పని ముగించుకుని, పిల్లలు బడినుంచి వచ్చేలోగా కాస్త నడుం వాలుద్దామనుకుంటూ రేడియో పెట్టుకున్న మీతో, నేను ఆటల గురించి మాట్లాడతానంటే "ఇదేం విషయమండీ, ఏ పచ్చడి సంగతో చెప్పక!" అంటారేమో. పైగా నేను చెప్పబోయేది గెలిచిన ఆటల గురించి కూడా కాదు. గెలిచినవాళ్ళ సంగతి చెప్పడానికి పత్రికలున్నాయి, టీవీలున్నాయి, దండలు పట్టుకుని నిలబడే పెద్దలున్నారు. ఏడాదిపాటు ఆడిన ప్రతి ఆటా ఓడి, తల వంచుకుని ఇంటికి వచ్చే పిల్లల సంగతి ఎవరు చెబుతారు? వాళ్ళు వచ్చేది మన గుమ్మంలోకే. తలుపు తీసేది మనమే. అందుకని ఇది మన విషయమే అనుకుంటున్నాను.

మా పుట్టిల్లు బోరంచ. నారాయణఖేడ్ వైపు, మంజీరా ఒడ్డున ఉన్న ఊరు. ఒకప్పుడు మెదక్ జిల్లా, 2016 నుంచి సంగారెడ్డి జిల్లా. నల్ల పోచమ్మ గుడి ఉంది గనుక హైదరాబాదులో ఉన్న మీలో కొందరికైనా ఆ ఊరి పేరు తెలిసే ఉంటుంది. పోయిన చలికాలంలో అమ్మవారిని చూసుకుని, తమ్ముడి ఇంట్లో నాలుగు రోజులు ఉండి వద్దామని వెళ్ళాను.

వెళ్ళేసరికి ఇల్లంతా ఏదో ముభావంగా ఉంది. మా అమ్మ వాకిట్లో చేట పట్టుకుని కందులు చెరుగుతోంది. మా మరదలు పొయ్యి దగ్గర రొట్టెలు కొడుతోంది గాని, మాట లేదు. మేనకోడలు నన్ను చూసి నవ్వింది, మంచినీళ్ళు తెచ్చి ఇచ్చింది, మళ్ళీ లోపలికి వెళ్ళిపోయింది. ఎప్పుడు వెళ్ళినా "అత్తా, అత్తా" అంటూ నా వెంటే తిరిగే పిల్ల అది.

సంగతేమిటంటే, మా మేనకోడలు నారాయణఖేడ్‌లో డిగ్రీ చదువుతోంది. కాలేజీ ఆడపిల్లల కబడ్డీ జట్టులో ఉంది. కూతకు వెళ్ళేది అదే. ఆ ఏడు వాళ్ళ జట్టు వేరే కాలేజీలతో ఆరు ఆటలు ఆడింది. ఆరూ ఓడింది. ఒక్కటంటే ఒక్కటి కూడా గెలవలేదు. ఆరో ఆట ఓడి వచ్చిన రోజు సాయంత్రం మా తమ్ముడు దాని బూట్లు తీసి అటక మీద పెట్టేశాడు.

రాత్రి భోజనాలయ్యాక తమ్ముడే మాట ఎత్తాడు.

"ఆరుకు ఆరు ఓడిండ్రక్కా. ఊర్లె అందరు అడుగుతుండ్రు, మీ బిడ్డ ఆట ఏమాయె అని. ఇగ చాలు, ఇంట్ల కూసుని సదువుకోమన్న. నువ్వన్నా చెప్పు దానికి."

నేను ఏదో చెప్పబోయేలోపే, మంచం మీద పడుకున్న మా అమ్మ లేచి కూర్చుంది.

"పోయినేడు నీ కొడుకు క్రికెట్టుల ఓడొస్తే ఏమన్నవు కొడకా? 'మల్లేడు సూద్దాం తియ్' అన్నవు. సంగారెడ్డి పోయి కొత్త బ్యాటు తెచ్చినవు. ఇది ఓడొస్తే బూట్లు అటుక మీద పెడితివి. ఇదేం నాయం?"

ఎవరూ మాట్లాడలేదు. తమ్ముడు నా వంక చూశాడు. పట్నంలో ఉన్న అక్క, నాలుగు అక్షరాలు చదువుకున్నది, తన పక్షాన మాట్లాడుతుందని ఆశ. నేను మాత్రం తల వంచుకున్నాను. ఎందుకో చెబుతాను.

మా అమ్మాయి హైస్కూల్లో షటిల్ ఆడేది. మూడు పోటీలకు వెళ్ళింది, మూడింట్లోనూ మొదటి ఆటకే ఓడి వచ్చింది. "ఇంక చాలమ్మా, టెన్త్ క్లాసు కదా, చదువు మీద పెట్టు బుద్ధి" అన్నాను. రాకెట్టు బీరువా వెనకాల పెట్టాను. అదే ఇంట్లో మా అబ్బాయి క్రికెట్ జట్టులో ఉండేవాడు. ఉండడమేగాని ఆడే పదకొండు మందిలోకి వాడు వచ్చిన రోజులు వేళ్ళమీద లెక్కపెట్టవచ్చు. వాణ్ణి టెన్త్‌లోనూ మాన్పించలేదు, ఇంటర్‌లోనూ మాన్పించలేదు. ఆదివారం ఉదయం లేచి వాడికి ఉప్మా చేసి పంపేదాన్ని. ఈ మధ్య ఒకసారి మా అమ్మాయి తన కూతురికి షటిల్ రాకెట్టు కొంటూ ఉంటే, "నువ్వూ ఆడేదానివి, ఊరికే మానేశావు" అన్నాను. "నేను మానలేదమ్మా. నువ్వు మాన్పించావు" అంది. కోపంగా కూడా అనలేదు. బిల్లు కట్టి బయటకు నడిచింది.

మన ఇళ్ళల్లో ఇది జరుగుతూనే ఉంటుంది, చూశారూ? ఓడిన మగపిల్లవాడికి వచ్చే ఏడు ఉంటుంది. ఓడిన ఆడపిల్లకు మాత్రం ఆ ఓటమే ఆఖరు. మనం కావాలని చేస్తామని కాదు. సాయంత్రం ఆలస్యంగా వస్తుందనో, ఎండకు నల్లబడుతుందనో, రేపు సంబంధాలవాళ్ళు ఏమంటారోననో లోపల ఏదో భయం ఉంటుంది. ఆ భయం నేరుగా చెప్పలేక, పిల్ల ఓడేదాకా ఆగుతాం. ఓడగానే "చూశావా, నీకిది పనికిరాదు" అని చెప్పి మన భయం తీర్చుకుంటాం.

మర్నాడు పొద్దున్నే పిల్లను వెంటబెట్టుకుని మంజీరా వైపు నడిచాను. "ఆరు ఆటలూ ఎట్లా ఓడారో వరసగా చెప్పు బిడ్డా, నాకు ఆట సరిగ్గా తెలియదు" అన్నాను. అప్పుడది చెప్పిన మాట ఇది:

"మొదటి ఆట ముప్ఫై పాయింట్ల తేడాతోని ఓడినం అత్తా. ఆఖరుది నాలుగే పాయింట్లు. గది మాత్రం ఎవ్వరు అడుగలే."

నిజమే. గెలిచావా, ఓడావా అని అందరం అడిగాం. ఎంతలో ఓడావు అని ఒక్కరం అడగలేదు. ముప్ఫై నుంచి నాలుగుకు రావడమంటే ఎంత కష్టపడి ఉంటారు ఆ పిల్లలు! ఆ ఏడే కొత్తగా కట్టిన జట్టు. ఏడుగురిలో నలుగురు కాలేజీకి వచ్చాకే ఆట మొదలుపెట్టారు. సాధన చేసేది మట్టిలో. పోటీలేమో పరుపులాంటి మ్యాట్ మీద. మట్టిలో వట్టి కాళ్ళతో ఆడినవాళ్ళకు మ్యాట్ మీద బూట్లతో కాలు నిలవదట. మొదటి రెండు ఆటలూ జారి పడడంతోనే సరిపోయిందని నవ్వింది.

కబడ్డీ అంటే మరేం లేదు, మనం చిన్నప్పుడు చెడుగుడు అని ఆడినదే. ఒక్కో పక్క ఏడుగురు. కూతకు వెళ్ళిన మనిషి ఊపిరి బిగబట్టి, అవతలివాళ్ళను ముట్టుకుని, 30 సెకన్లలోగా గీత దాటి వెనక్కి రావాలి. పట్టుబడితే బయట కూర్చోవాలి. ఇందులో నాకు బాగా నచ్చిన సూత్రం ఒకటుంది. బయట కూర్చున్నవాళ్ళు తమంతట తాము లోపలికి రాలేరు. లోపల ఉన్న తోటివాళ్ళు పాయింటు తెస్తేనే ఒకరు లేచి వస్తారు. ఏడుగురూ పోయారనుకోండి, అవతలి జట్టుకు 2 పాయింట్లు ఎక్కువ ఇస్తారు. అప్పుడేం జరుగుతుంది? ఓడిన ఏడుగురూ మళ్ళీ లోపలికి వచ్చి నిలబడతారు. ఇంటికి పొమ్మనరు. ఆట అయిపోయేదాకా ఆడనిస్తారు.

ఇక పెద్ద జట్ల సంగతి చూడండి. ప్రొ కబడ్డీ పోటీల్లో మన తెలుగువాళ్ళ పేరు పెట్టుకున్న జట్టు తెలుగు టైటాన్స్. ఇంట్లో మగవాళ్ళు టీవీలో చూస్తుంటే మీరూ వినే ఉంటారు. 2021-22 పోటీల్లో ఆ జట్టు 22 ఆటలు ఆడి ఒక్కటే గెలిచింది. తరువాతి పోటీల్లో 22 ఆడి రెండు. ఆ పైన, 2023-24లో మళ్ళీ 22 ఆడి రెండే. మొత్తం 66 ఆటల్లో 5 గెలుపులు! ఆ మూడో ఏడు పవన్ సెహ్రావత్ అనే మేటి ఆటగాణ్ణి 2 కోట్ల 60 లక్షల 50 వేలు పెట్టి తెచ్చుకున్నారు. అప్పటికి ఆ పోటీల్లో ఎవరికీ అంత ధర పలకలేదు. అతను బాగానే ఆడాడు. అయినా జట్టు అట్టడుగునే ఉంది. ఒక్క మనిషి తెచ్చే పాయింట్లతో ఏడుగురి ఆట నిలబడదు మరి. ఆ తరువాత 2024లో అదే జట్టు 22లో 12 గెలిచింది. 2025లో చివరి మూడు జట్లలో ఒకటిగా నిలిచింది. మూడేళ్ళు వరసగా ఓడిన జట్టును ఎవరూ అటక మీద పెట్టలేదు కదా!

ఆడవాళ్ళ ఆట సంగతి కూడా చెప్పాలి. ఆసియా క్రీడల్లో ఆడవాళ్ళ కబడ్డీని 2010లో చేర్చారు. 2010లోనూ, 2014లోనూ బంగారు పతకం మన అమ్మాయిలదే. 2018లో జకార్తాలో మాత్రం ఆఖరి ఆటలో ఇరాన్ అమ్మాయిల చేతిలో 27-24తో ఓడిపోయారు. ఆ ఇరాన్ అమ్మాయిలకు ఆట నేర్పింది ఎవరో తెలుసా? మన దేశపు ఆవిడే, నాసిక్‌కు చెందిన శైలజా జైన్. ఓటమి మనవాళ్ళకు ఎంత చేదుగా ఉండి ఉంటుందో ఊహించుకోండి. ఆ తరువాతి ఆసియా క్రీడలు 2023లో చైనాలోని హాంగ్‌ఝౌలో జరిగాయి. అక్కడ చైనీస్ తైపీ మీద 26-25తో, ఒకే ఒక్క పాయింటు తేడాతో గెలిచి మన అమ్మాయిలు బంగారం తిరిగి తెచ్చారు. మూడు పాయింట్లతో ఓడినప్పుడు ఆడపిల్లలకిక ఈ ఆట చాలని ఎవరైనా అని ఉంటే, ఆ ఒక్క పాయింటు ఎక్కడినుంచి వచ్చేది?

అమెరికాలోని టెక్సాస్‌లో చదువుతున్న మా పక్కింటావిడ కొడుకు ఇంకో ముచ్చట చెప్పాడు. అక్కడి కాలేజీల్లో ఫుట్‌బాల్ అంటే మన ఫుట్‌బాల్ కాదట. కోడిగుడ్డులా కోలగా ఉండే బంతిని చేత్తో పట్టుకుని అవతలివాళ్ళ నేలలోకి పరుగెత్తడం, వాళ్ళు మీద పడి పట్టుకోవడం. వింటూంటే మన చెడుగుడుకు దూరపు చుట్టంలాగే తోచింది. ఆ రాష్ట్రంలోనే ప్రెయిరీ వ్యూ అనే చోట నల్లజాతి పిల్లల కోసం పెట్టిన పాత విశ్వవిద్యాలయం ఉంది. వాళ్ళ ఫుట్‌బాల్ జట్టు 1989 నుంచి 1998 దాకా వరసగా 80 ఆటలు ఓడింది. మధ్యలో 1990లో అయితే జట్టునే దింపలేదు. మళ్ళీ ఆట మొదలుపెట్టి, మళ్ళీ ఓడుతూ వచ్చారు. ఆ ఎనభై ఓటముల కాలంలో ఆ జట్టులో చేరి, నాలుగేళ్ళు ఆడి, ఒక్క గెలుపూ చూడకుండానే చదువు ముగించుకుని వెళ్ళిన పిల్లలున్నారు! చివరికి 1998 సెప్టెంబరులో లాంగ్‌స్టన్ అనే జట్టు మీద 14-12తో గెలిచారు. ఆ రోజు మైదానంలో ఉన్నవాళ్ళే గెలిచారని మనం అంటాం. నాకు మాత్రం మధ్యలో ఆడి వెళ్ళిపోయిన పిల్లలే గుర్తుకు వస్తారు. వాళ్ళు ఆడకపోతే ఆ జట్టే ఉండేది కాదు గదా.

అయితే ఎన్ని ఓటములైనా పిల్లల్ని ఆటలో ఉంచాల్సిందేనా అని మీరు అడగవచ్చు. అలా అనను. దెబ్బ తగిలి మానకముందే ఆడిస్తున్నా, నేర్పేవారి నడత బాగుండకపోయినా, పిల్ల తానుగా "నాకిష్టం లేదు" అన్నా వెంటనే మాన్పించండి. అవి వేరే కారణాలు. ఓడడమొక్కటే కారణమైతే మాత్రం తొందరపడకండి. నాకు తోచిన నాలుగు మాటలు చెబుతాను.

మొదటిది, పిల్ల గుమ్మంలో అడుగు పెట్టగానే "గెలిచారా?" అని అడగవద్దు. దాని ముఖం చూస్తే తెలుస్తూనే ఉంటుంది. కాళ్ళు కడుక్కోమనండి, తినడానికి ఏదైనా పెట్టండి, దెబ్బలేమైనా తగిలాయా అని చూడండి. ఆట సంగతి అదే చెబుతుంది. చెప్పినప్పుడు, పోయినసారి కంటే ఏం మెరుగయిందో అడగండి.

రెండోది, తిండి. ఆట రెండో సగంలో మన పిల్లలు ఎందుకు సోలిపోతున్నారో ఎప్పుడైనా ఆలోచించామా? 2019-21లో జరిగిన జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో, మన దేశంలో 15 నుంచి 19 ఏళ్ళ ఆడపిల్లల్లో నూటికి 59 మందికి రక్తహీనత ఉన్నట్టు తేలింది. రక్తం చాలని పిల్ల కూతకు వెళితే ఊపిరి ఎక్కడ నిలుస్తుంది? మనం దాన్ని చేతకానితనం అనుకుంటాం. ఒకసారి రక్తపరీక్ష చేయించండి. తోటకూర, మునగాకు, కోడిగుడ్డు, నువ్వులూ బెల్లం కలిపిన ఉండలు పెట్టండి. ఆకుకూర మీద నిమ్మకాయ పిండండి, ఇనుము ఒంటికి బాగా పడుతుంది. భోజనమైన వెంటనే టీ మాత్రం ఇవ్వకండి. అన్నయ్యకు రెండు గుడ్లు, చెల్లెలికి ఒకటి అన్న లెక్క ఉంటే ఈ రోజే మార్చండి.

మూడోది, రాకపోకల చిక్కును విడిగా చూడండి. మా తమ్ముడి భయంలో నిజం లేకపోలేదు. నారాయణఖేడ్‌లో ఆట ముగిసేసరికి చీకటి పడుతుంది, బస్సు ఎప్పుడొస్తుందో తెలియదు. అది బస్సు చిక్కు. తండ్రో అన్నో వెళ్ళి తీసుకురావచ్చు, ఇద్దరు ముగ్గురు పిల్లలు కలిసి రావచ్చు. దానికి "నువ్వు ఓడావు" అని పేరు పెట్టకండి.

నాలుగోది, ఒక్కసారి వెళ్ళి ఆట చూడండి. మనం పెళ్ళిళ్ళకు వెళతాం, పేరంటాలకు వెళతాం. పిల్ల ఆడుతుంటే అంచున కూర్చునే అమ్మ ఎంతమందికి ఉంటుంది? గెలిచే జట్టును చూడడానికి జనం వాళ్ళంతట వాళ్ళే వస్తారు. ఓడే జట్టుకు మనమే ఉండాలి.

ఇంతకీ మా ఇంటి సంగతి ఏమైందంటారా? నది ఒడ్డునుంచి వచ్చాక తమ్ముణ్ణి కూర్చోబెట్టి, మా అమ్మాయి నాతో అన్న మాట దాచకుండా చెప్పాను. ఏమీ అనలేదు. టీ తాగి చేనుకు వెళ్ళిపోయాడు. మధ్యాహ్నం మా మరదలు "వదినా, జర స్టూలు పట్టుకో" అంటూ తానే అటక మీదికి చెయ్యి చాపి బూట్లు దింపింది. దుమ్ము దులిపి ఎండలో పెట్టింది. సాయంత్రం తమ్ముడు వచ్చి వాటిని చూశాడు. చూసి, పక్కనుంచి దాటుకుని లోపలికి వెళ్ళాడు. మళ్ళీ పైన పెట్టలేదు.

రాత్రి అన్నం తింటూ, ఎవరి ముఖం చూడకుండా, "ఆఖరి ఆట నాలుగు పాయింట్లతోనే ఓడిండ్రా?" అని అడిగాడు. పిల్ల చేతిలో ముద్ద అలాగే ఉండిపోయింది. ఆ తరువాత అరగంటసేపు ఆ నాలుగు పాయింట్లూ ఎలా పోయాయో తండ్రికి చెబుతూనే ఉంది.

ఈ ఏడు వాళ్ళ ఆటలు ఇంకా మొదలుకాలేదు. గెలుస్తారో లేదో నేను చెప్పలేను. మొదటి ఆటకు మా అమ్మాయి కూడా నాతో వస్తానంది. ఇద్దరం వెళతాం.

మీ ఇంట్లో కూడా ఏ బీరువా వెనకాలో, ఏ అటక మీదో అలాంటి బూట్లో రాకెట్టో ఉండి ఉంటే, ఈ సాయంత్రం పిల్లలు వచ్చేలోగా ఒకసారి దింపి దుమ్ము దులపండి.